కుటుంబ ఇబ్బందుల మీద బదిలీ: అర్జీ ఎవరికి పెట్టాలి, ఏం జతచేయాలి, ఫైలు ఎక్కడ ఆగుతుంది

అడిగిన విషయం క్లుప్తంగా ఇది. అనంతపురం జిల్లాలో ఒక రాష్ట్ర ప్రభుత్వ శాఖలో జూనియర్ అసిస్టెంటు. ఆరేళ్ళ సర్వీసు, ప్రొబేషన్ డిక్లేర్ అయింది. భర్త విశాఖపట్నంలో రైల్వే ఉద్యోగి. విజయనగరంలో ఉన్న తండ్రికి వారానికి మూడు డయాలసిస్‌లు, ఆమె తప్ప వేరే సంతానం లేదు. మూడేళ్ళలో నాలుగు అర్జీలు జిల్లా అధికారికి ఇచ్చారు. ఒక్కదానికీ జవాబు లేదు. ఇప్పుడేం చేయాలి?

మీ అర్జీలు ఆగిపోవడానికి మొదటి కారణం మీ ప్రశ్నలోనే ఉంది. వాటిని జిల్లా అధికారికి ఇచ్చారు. మిమ్మల్ని అనంతపురం జిల్లాలో ఒక మండలం నుంచి ఇంకో మండలానికి వేసే అధికారం ఆయనకుంది కానీ విజయనగరం పంపే అధికారం లేదు. జూనియర్ అసిస్టెంటు పోస్టు జిల్లా క్యాడర్, అంటే ఆ జిల్లా వరకే పరిమితమైన లోకల్ క్యాడర్. 1975 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు ప్రకారం ఒక్కో లోకల్ క్యాడర్ నియామకానికి, సీనియారిటీకి, ప్రమోషన్‌కి, బదిలీకి ఒక్కో ప్రత్యేక యూనిట్. ఆ గీత దాటించాలంటే అదే ఉత్తర్వు పేరా 5(2)లోని మినహాయింపుల కింద ప్రభుత్వం, అంటే సచివాలయంలో మీ శాఖ కార్యదర్శి, ఉత్తర్వు ఇవ్వాలి. జిల్లా ఆఫీసు చేయగలిగింది మీ అర్జీని సిఫార్సుతో శాఖాధిపతికి ఫార్వార్డ్ చేయడం వరకే. చాలా ఆఫీసుల్లో అదీ చేయరు, ఫైల్లో పెట్టి ఊరుకుంటారు.

మీరు 2022లో వచ్చిన కొత్త జిల్లాల పేర్లు చూసి అయోమయపడకండి. 13 జిల్లాలు 26 అయినప్పుడు పాలన సరిహద్దులు మారాయి. పాత నియామకాల సీనియారిటీ లెక్క చాలా శాఖల్లో ఉమ్మడి జిల్లా పేరుతోనే నడుస్తోంది. అందుకే అర్జీలో 'ఉమ్మడి అనంతపురం జిల్లా నుంచి ఉమ్మడి విజయనగరం జిల్లాకు' అని రాయండి. 'సత్యసాయి జిల్లా నుంచి పార్వతీపురం మన్యం జిల్లాకు' అని రాస్తే క్లర్కు ముందు ఆ రెండూ ఏ యూనిట్ కిందికొస్తాయో వెతుక్కోవాలి. వెతకడానికి పక్కన పెట్టిన ఫైలు పక్కనే ఉండిపోతుంది.

రెండో కారణం, మీ కష్టాన్ని ఏ కిటికీలోంచి చూపిస్తున్నారన్నది. మామూలుగా బదిలీల మీద నిషేధం ఉంటుంది, సాధారణ బదిలీలప్పుడు దాన్ని సడలిస్తూ ఆర్థిక శాఖ జీవో ఇస్తుంది. ఆంధ్రప్రదేశ్‌లో 2025లో అది మే 15 నాటి జీవో 23. మే 16 నుంచి జూన్ 2 వరకు సడలించి, తర్వాత జూన్ 9 దాకా పొడిగించారు. అలాంటి జీవోల్లో ప్రాధాన్యం ఇవ్వాల్సిన వర్గాల పట్టిక ఉంటుంది: దివ్యాంగులు, మానసిక వైకల్యం ఉన్న పిల్లలున్నవారు, కారుణ్య నియామకం పొందిన వితంతువులు, గిరిజన ప్రాంతంలో రెండేళ్ళు దాటినవారు, క్యాన్సర్, ఓపెన్ హార్ట్, న్యూరో సర్జరీ, కిడ్నీ మార్పిడి లాంటి కేసులు, భార్యాభర్తలు. దాన్ని పదం పదం చదవండి. అందులో తరచు 'కిడ్నీ మార్పిడి' అని ఉంటుంది కానీ 'డయాలసిస్' అని ఉండదు. జబ్బు ఎవరికి ఉండాలన్న చోట ఉద్యోగి, జీవిత భాగస్వామి, ఆధారపడిన పిల్లలు అని రాసి, తల్లిదండ్రుల్ని వదిలేసిన జీవోలూ ఉన్నాయి. మీరు నాలుగు అర్జీల్లోనూ నాన్నగారి జబ్బునే మొదటి కారణంగా రాసుంటే, చదివిన సీనియర్ అసిస్టెంటు పట్టికలో వెతికి, దొరక్క, 'నిబంధనల్లో లేదు' అని రాసి ఉంటారు. ఆయన రాతిగుండె మనిషేం కాదు. తాను రాసే నోటుకి ఆధారం దొరకలేదు, అంతే.

మీకు దొరికే ఆధారం స్పౌజ్ గ్రౌండ్, అంటే భార్యాభర్తలు వేరువేరు చోట్ల ఉద్యోగం చేయడమన్న కారణం. భర్త విశాఖలో కేంద్ర ప్రభుత్వ ఉద్యోగి, మీరు అనంతపురంలో రాష్ట్ర ఉద్యోగి. భార్యాభర్తలను ఒకేచోట లేదా దగ్గర్లో ఉంచాలన్న నియమం రాష్ట్ర జీవోల్లోనూ ఉంది, కేంద్ర ఉద్యోగుల కోసం 2009 సెప్టెంబరు 30న డీఓపీటీ (కేంద్ర సిబ్బంది శాఖ) ఇచ్చిన మెమోలోనూ ఉంది. కాబట్టి మొదటి కారణం స్పౌజ్, రెండోది తండ్రి అనారోగ్యం. ఈ వరస తిప్పొద్దు. నాన్నగారి డయాలసిస్ మీకు ముఖ్యమైన సంగతి అని నాకు తెలుసు. అయినా కాగితం మీద అది స్పౌజ్ గ్రౌండ్‌కి బలం చేకూర్చే అంశంగానే నిలబడుతుంది.

ఇంకో దారి చాలామంది చూడరు. ఆ 2009 మెమో ప్రకారం ఒకరు కేంద్రంలో, ఇంకొకరు రాష్ట్రంలో ఉంటే కేంద్ర ఉద్యోగి తన శాఖకు దరఖాస్తు చేసుకోవచ్చు. రెండోవారు పనిచేసే స్టేషన్‌కి, అక్కడ పోస్టు లేకపోతే ఆ రాష్ట్రానికి పంపడాన్ని అధికారి పరిశీలించవచ్చు. మీ విషయంలో నాన్నగారు ఉత్తరాంధ్రలో ఉన్నారు కాబట్టి భర్త కదలడం పనికిరాదు. కానీ ఇలాంటి చిక్కులో ఉన్న మిగతా జంటలు ఇద్దరి వైపు నిబంధనలూ చూసుకుని, తక్కువ నష్టం ఎవరికో తేల్చుకోవాలి. రైల్వేలో సొంత అభ్యర్థన మీద వేరే యూనిట్‌కి వెళ్తే సీనియారిటీ అక్కడి వాళ్ళందరి కింద పడుతుంది (రైల్వే ఎస్టాబ్లిష్‌మెంట్ మాన్యువల్ పేరా 312). అదే మ్యూచువల్ (పరస్పర బదిలీ) అయితే పేరా 310 ప్రకారం తన సీనియారిటీ, మార్చుకున్న మనిషి సీనియారిటీ రెండింటిలో ఏది తక్కువైతే అది వస్తుంది. తపాలా శాఖలో సొంత అభ్యర్థన మీద రూల్ 38 కింద వెళ్ళినా సీనియారిటీలో అడుగుకి పోవాల్సిందే. ఈ లెక్క తెలియకుండా 'మీరే వచ్చెయ్యండి' అంటే ఇంట్లో గొడవే మిగులుతుంది.

ఇక మీ సీనియారిటీ సంగతి. ఇక్కడ కాస్త నెమ్మదిగా చదవండి, దీని ప్రభావం మీ మిగతా సర్వీసు అంతటి మీదా ఉంటుంది.

రాష్ట్ర సబార్డినేట్ సర్వీసు రూల్స్‌లో 35(బి) ప్రకారం పరిపాలనా అవసరం మీద ఒక యూనిట్ నుంచి ఇంకో యూనిట్‌కి పంపితే పాత యూనిట్‌లో మొదట చేరిన తేదీ నుంచే సీనియారిటీ లెక్కిస్తారు. సొంత అభ్యర్థన మీద వెళ్తే కొత్త యూనిట్‌లో చేరిన తేదీ నుంచి లెక్కిస్తారు. అంటే విజయనగరంలో చేరే రోజున అక్కడి జూనియర్ అసిస్టెంట్ల జాబితాలో ఆఖరి పేరు మీది. ఇంక్రిమెంట్లు, లీవు ఖాతా, పెన్షన్ సర్వీసు పోవు. ప్రమోషన్ వరస మాత్రం పోతుంది. పరస్పర బదిలీకైనా రాష్ట్రపతి ఉత్తర్వు చెప్పేది ఇదే, బదిలీ తేదీ నుంచే సీనియారిటీ. ఆరేళ్ళ సర్వీసు అంటే అనంతపురంలో సీనియర్ అసిస్టెంటు ప్యానెల్ (ప్రమోషన్ జాబితా) మీకు దగ్గర పడి ఉండొచ్చు. అక్కడ ప్రమోషన్ తీసుకున్నాక అంతర్ జిల్లా బదిలీ అడిగితే చాలా శాఖలు నియామక కేటగిరీకి, అంటే మళ్ళీ జూనియర్ అసిస్టెంటుకి, దిగడానికి ఒప్పుకుంటేనే చూస్తాయి. కాబట్టి నిర్ణయం ప్యానెల్ రాకముందే తీసుకోండి. మీ పేరు అనంతపురం సీనియారిటీ జాబితాలో ఎన్నోదో, విజయనగరంలో ఎంతమంది జూనియర్ అసిస్టెంట్లున్నారో, వచ్చే పదేళ్ళలో వాళ్ళలో ఎంతమంది రిటైరవుతారో ఒక కాగితం మీద వేసుకోండి. ప్రమోషన్ ఎన్నేళ్ళు వెనక్కి పోతుందో కళ్ళకు కనబడుతుంది. అది చూశాక కూడా వెళ్ళాలనిపిస్తే అప్పుడు సీనియారిటీ వదులుకుంటున్నట్టు రాసిచ్చే అండర్‌టేకింగ్ మీద సంతకం చేయండి.

ఖాళీ లేకుండా ఏ అర్జీ కదలదు. 'ఎక్కడైనా సరే' అని రాస్తే ఎక్కడా ఇవ్వరు, ఎందుకంటే ఖాళీని వెతికి పెట్టే ఓపిక పై ఆఫీసులో ఎవరికీ ఉండదు. మీరే వెతకాలి. విజయనగరంలోని మీ శాఖ జిల్లా ఆఫీసుకి సమాచార హక్కు చట్టం కింద దరఖాస్తు పెట్టండి. 10 రూపాయల ఫీజు, 30 రోజుల్లో జవాబు, రాకపోతే 30 రోజుల్లోపు మొదటి అప్పీలు. అడగాల్సింది ఇంతే: 'జిల్లాలో జూనియర్ అసిస్టెంటు పోస్టులు మంజూరైనవి ఎన్ని, పనిచేస్తున్నవారు ఎంతమంది, ఖాళీలు ఎన్ని, ఆఫీసుల వారీగా ఇవ్వగలరు. ఖాళీల్లో సర్వీసు కమిషన్‌కి నోటిఫై చేసినవి, కారుణ్య నియామకాలకు కేటాయించినవి ఏవో తెలపగలరు.' రెండో వాక్యం తప్పకుండా ఉండాలి. ఏపీపీఎస్సీకి ఇప్పటికే నోటిఫై చేసిన ఖాళీని మీరు చూపిస్తే 'క్లియర్ వేకెన్సీ కాదు' అని ఫైలు వెనక్కొస్తుంది. 'ఎందుకు ఇవ్వడం లేదు' అని మాత్రం అడక్కండి. ఆ చట్టం కింద రికార్డులో ఉన్న సమాచారమే ఇస్తారు, కారణాలు చెప్పరు.

ఊళ్ళ ఎంపికలో కూడా తప్పు చేస్తారు. అందరూ విజయనగరం టౌనే అడుగుతారు, అక్కడ ఖాళీ ఉండదు. వారానికి మూడుసార్లు, ఒక్కోసారి నాలుగు గంటలు కుర్చీలో కూర్చునే మనిషికి డయాలసిస్ సెంటర్‌ దగ్గరుండాలి కానీ మీ ఆఫీసు అదే వీధిలో ఉండాలని లేదు. బస్సులో గంట ప్రయాణంలో ఉన్న మండలాలు నాలుగైదు వరస క్రమంలో రాయండి. ఉదయం ఆరు గంటల షిఫ్టు దొరికితే నాన్నగారిని కూర్చోబెట్టి, ఎవరినైనా పక్కన ఉంచి, పదిన్నరకి ఆఫీసులో ఉండొచ్చు. షిఫ్టు మార్పు గురించి ఆస్పత్రిలో ముందే మాట్లాడండి. ఆ వివరం అర్జీకి కూడా అవసరం, కింద చెబుతాను.

జతచేయాల్సిన కాగితాలు ఇవి. సర్వీసు రిజిస్టర్ మొదటి పేజీలు, ప్రొబేషన్ డిక్లరేషన్ ఎంట్రీ ఉన్న పేజీ, డీడీఓ (జీతాల బిల్లు పెట్టే అధికారి) ధ్రువీకరణతో. శాఖాపరమైన విచారణ, ఏసీబీ కేసు, బాకీలు ఏవీ లేవని మీ ఆఫీసు సర్టిఫికెట్. రాష్ట్ర క్రమశిక్షణ నియమాల్లోని రూల్ 20 కింద ఛార్జి మెమో (ఆరోపణల పత్రం) పెండింగ్‌లో ఉంటే అది తేలేదాకా ఈ ప్రయత్నం పక్కన పెట్టండి, ఏ సెక్షనూ అలాంటి ఫైలు పైకి పంపదు. భర్త పనిచేసే ఆఫీసు నుంచి ఆయన హోదా, ఇప్పుడున్న స్టేషన్, అక్కడ చేరిన తేదీ, బదిలీ ఉత్తర్వులేవీ పెండింగ్‌లో లేవన్న మాటతో సర్టిఫికెట్, తాజాగా తీసుకున్నది. జీతం స్లిప్పు చాలదు. వివాహ రిజిస్ట్రేషన్ సర్టిఫికెట్, లేకపోతే ముందు అది చేయించండి. నాన్నగారి విషయంలో నెఫ్రాలజిస్టు ఇచ్చిన ధ్రువపత్రం, తహసీల్దారు ఇచ్చే కుటుంబ సభ్యుల సర్టిఫికెట్, ఈహెచ్ఎస్ (ఉద్యోగుల ఆరోగ్య పథకం) కార్డులో ఆయన పేరు మీపై ఆధారపడిన వ్యక్తిగా ఉంటే దాని ప్రతి. ఆయన పేరు కార్డులో లేకపోతే, ఆయన ప్రభుత్వ పెన్షనర్ కాకపోతే, ముందు చేర్పించే పని చూడండి. 'తండ్రి నాపై ఆధారపడ్డారు' అని ఉత్తినే రాయడం కన్నా ప్రభుత్వ రికార్డులో ఉండటం బలం.

నెఫ్రాలజిస్టు కాగితం గురించి కొంచెం వివరంగా చెప్పాలి. మామూలుగా వచ్చేది 'ఈయనకు కిడ్నీ వ్యాధి ఉంది, చికిత్స పొందుతున్నారు' అన్న ఒక్క లైను. అది దేనికీ పనికిరాదు. డాక్టరుగారిని అడిగి ఇవి రాయించుకోండి: వ్యాధి దశ, డయాలసిస్ మొదలైన నెల, వారానికి ఎన్నిసార్లు, ఒక్కోసారి ఎన్ని గంటలు, ఏ సెంటరులో, ఏ షిఫ్టు, డయాలసిస్ తర్వాత ఒంటరిగా ఇంటికి వెళ్ళగలరా లేదా తోడు తప్పనిసరా, చికిత్స ఎంతకాలం కొనసాగాలి. దానికి గత మూడు నెలల డయాలసిస్ తేదీల పట్టిక జోడించండి. ప్రతి సెంటరులో ప్రతి రోగికి ఒక చార్టు ఉంటుంది, అడిగితే ప్రతి ఇస్తారు. నెలకు పన్నెండు, పదమూడు తేదీలు, ప్రతిదాని ఎదురుగా స్టాంపు. 'దయనీయ స్థితిలో ఉన్నారు' అన్న మాట కన్నా ఆ తేదీల వరస అధికారిని ఎక్కువ కదిలిస్తుంది. ప్రైవేటు ఆస్పత్రి కాగితమైతే జిల్లా మెడికల్ బోర్డుకి పంపి నిర్ధారించమంటారు. దానికి వారాలు పడుతుంది కాబట్టి నాన్నగారు ప్రభుత్వ ఆస్పత్రిలోనూ చూపించుకుంటుంటే అక్కడి కాగితమే పెట్టండి. లేని జబ్బును కాగితం మీద సృష్టించడం మాత్రం ఎవరు చెప్పినా చేయొద్దు. బోర్డులో దొరికితే బదిలీ పోవడమే కాదు, శాఖాపరమైన చర్య మీద పడుతుంది. నిజమైన రోగుల వాళ్ళ అర్జీల్ని కూడా అనుమానంగా చూడటం అలాంటి కాగితాల వల్లే మొదలైంది.

అర్జీ ఒక పేజీ దాటకూడదు. దాన్ని చదివే మొదటి మనిషి కార్యదర్శి కాదు, శాఖాధిపతి ఆఫీసులో ఆ సీటు చూసే ఉద్యోగి. ఆయన ఈ-ఆఫీసులో నోటు రాయాలి: ఎవరు, ఎక్కడ, ఎన్నేళ్ళు, ఏ గ్రౌండ్, ఏ నిబంధన, ఎక్కడ ఖాళీ, జతపరచినవి ఏమిటి. మీ అర్జీ అదే వరసలో ఉంటే ఆయన పని సగం అయిపోయినట్టే. ఇలా రాయండి.

'విషయం: ఎస్టాబ్లిష్‌మెంట్ – మినిస్టీరియల్ – జూనియర్ అసిస్టెంటు – ఉమ్మడి అనంతపురం జిల్లా నుంచి ఉమ్మడి విజయనగరం జిల్లాకు అంతర్ జిల్లా బదిలీ – స్పౌజ్ గ్రౌండ్, తండ్రి అనారోగ్యం – కోరుట – గురించి.

సూచిక: 1. నిషేధం సడలింపు జీవో నంబరు, తేదీ, సంబంధిత పేరా. 2. నా గత అర్జీల తేదీలు.

నేను ఫలానా తేదీన ఉమ్మడి అనంతపురం జిల్లాలో జూనియర్ అసిస్టెంటుగా చేరాను. ఫలానా తేదీన ప్రొబేషన్ డిక్లేర్ అయింది. నాపై ఎలాంటి విచారణా పెండింగ్‌లో లేదు. నా భర్త ఫలానా తేదీ నుంచి విశాఖపట్నంలో కేంద్ర ప్రభుత్వ సర్వీసులో ఉన్నారు. విజయనగరంలో నివసించే నా తండ్రికి ఫలానా నెల నుంచి వారానికి మూడుసార్లు డయాలసిస్ జరుగుతోంది, వైద్యుని ధ్రువపత్రం ప్రకారం తోడు తప్పనిసరి, నేను ఏకైక సంతానం. ఉమ్మడి విజయనగరం జిల్లాలో ఈ కింది ఆఫీసుల్లో జూనియర్ అసిస్టెంటు ఖాళీలున్నట్టు ఫలానా తేదీ నాటి సమాచార హక్కు జవాబులో తెలిపారు. బదిలీ అయిన చోట సీనియారిటీలో చివరి స్థానానికి సమ్మతిస్తూ అండర్‌టేకింగ్ జతపరిచాను. టీటీఏ (బదిలీ ప్రయాణ భత్యం) కోరను.'

అంతే. ఇందులో కన్నీళ్ళు ఎక్కడా లేవు. ప్రతి వాక్యానికీ వెనక ఒక కాగితం ఉంది. గత అర్జీల తేదీలు వేయడం మర్చిపోకండి, కోర్టుకి వెళ్ళాల్సొస్తే అవే సాక్ష్యం. కానీ పాత నాలుగు అర్జీల్లో వేరువేరు కారణాలు రాసి ఉంటే (ఒకదాంట్లో పిల్లల చదువు, ఇంకోదాంట్లో మీ సొంత నడుంనొప్పి) వాటిని సూచికలో చేర్చకండి. అడిగినప్పుడల్లా కారణం మారితే ఏదీ నమ్మరు.

దీన్ని డీడీఓ ద్వారా, త్రూ ప్రాపర్ ఛానల్, జిల్లా అధికారికీ అక్కడి నుంచి శాఖాధిపతికీ పంపాలి. మీ ఆఫీసులో ఇచ్చినప్పుడు డూప్లికేట్ మీద ఇన్‌వర్డ్ నంబరు, తేదీ, సంతకం వేయించుకోండి. ఒక అడ్వాన్స్ కాపీ శాఖాధిపతికి స్పీడ్ పోస్టులో పంపొచ్చు, పైన 'అడ్వాన్స్ కాపీ' అని రాసి. పది రోజుల తర్వాత ఫార్వార్డింగ్ లెటర్ నంబరు కనుక్కోండి. ఆ నంబరు లేకుండా పై ఆఫీసుకి ఫోను చేస్తే ఎవరూ ఏమీ చెప్పలేరు. శాఖాధిపతి సాధారణంగా రెండు జిల్లాల నియామకాధికారుల నుంచీ అభ్యంతరం లేదన్న లేఖ తెప్పిస్తారు. ఎక్కువ ఫైళ్ళు ఆగేది ఇక్కడే. మీ జిల్లా అధికారి 'సిబ్బంది కొరత ఉంది' అని రాస్తే పని అయిపోయినట్టే. అందుకే లేఖ అడగకముందే వెళ్ళి మాట్లాడండి. మీ సీటు పని ఎవరు చూడగలరో, మీ దగ్గర పెండింగ్ ఏమీ లేదని చూపించండి. విజయనగరం నుంచి అనంతపురం రావాలనుకునే మనిషి దొరికితే ఆ అభ్యంతరమే ఉండదు. రాయలసీమ వాళ్ళు ఉత్తరాంధ్రలో ఉద్యోగాలు చేస్తూ ఇంటికి రావాలని చూసేవారు ప్రతి శాఖలో ఉంటారు. జిల్లా ఉద్యోగ సంఘం నాయకులకు ఇలాంటి పేర్లు నోటికి వచ్చు, వాళ్ళనడగండి. పరస్పర బదిలీకి ఇద్దరి కేటగిరీ ఒకటే అయ్యుండాలి, ఇద్దరూ వేర్వేరుగా అర్జీ, సమ్మతి పత్రం ఇవ్వాలి.

సోమవారం కలెక్టరేట్ గ్రీవెన్స్‌లో అర్జీ ఇవ్వడం వల్ల లాభం లేదు. సర్వీసు విషయాలు తిరిగి మీ జిల్లా అధికారికే వస్తాయి, ఆయన 'పరిశీలనలో ఉంది' అని మూసేస్తారు. ఎమ్మెల్యే లేఖ గురించి అందరూ అడుగుతారు. బయటివాళ్ళ పలుకుబడి తేవడం ప్రవర్తనా నియమావళికి విరుద్ధం, కేంద్ర ఉద్యోగులకైతే వాళ్ళ ప్రవర్తనా నియమావళిలోని రూల్ 20 దాన్ని సూటిగానే నిషేధిస్తుంది. లేఖలు తిరుగుతున్నాయన్నది వాస్తవమే. కానీ కాగితాలు సరిగా లేని ఫైలుకి లేఖ వచ్చినా 'నిబంధనల మేరకు పరిశీలించవలెను' అన్న ఎండార్స్‌మెంటుతో ఆగుతుంది. 'ఇంతిస్తే ఆర్డరు తెస్తాను' అనేవాడు కనబడితే దూరం జరగండి, అడుగుతున్నది మీ శాఖ మనిషే అయితే ఏసీబీ 1064కి చెప్పండి. బదిలీల కాలంలో అవసరంలో ఉన్న ఆడవాళ్ళ దగ్గర ఇలా డబ్బు గుంజడం జరుగుతూనే ఉంది, ఇది నాకు చాలా బాధ కలిగించే విషయం.

బదిలీల కిటికీ తెరిచినప్పుడు ఇంకో జాగ్రత్త. 2025 జీవోలో ఒకేచోట ఐదేళ్ళు దాటినవారికి బదిలీ తప్పనిసరి. మీరు ఆరేళ్ళుగా ఒకే స్టేషన్‌లో ఉంటే మీ అంతర్ జిల్లా ఫైలు అమరావతిలో ఉండగానే ఇక్కడ జిల్లాలో మిమ్మల్ని కదిపేస్తారు. రెండూ వేర్వేరు ప్రక్రియలు. జిల్లా కౌన్సెలింగ్‌కి పోకుండా 'నా ఫైలు పైన ఉంది కదా' అని కూర్చుంటే మిగిలిన మూలకి వేస్తారు. వెళ్ళండి, ఆప్షన్లు పెట్టండి. గుంతకల్లు, గుత్తి లాంటి రైలు జంక్షన్ దగ్గర దొరికితే శుక్రవారం సాయంత్రం బండెక్కడం సులువవుతుంది. అక్కడ చేరాక పాత అర్జీకి కొత్త స్టేషన్ పేరుతో ఒక చిన్న సవరణ లేఖ పంపండి.

ఈలోగా నెట్టుకురావడం ఎలా? శిశు సంరక్షణ సెలవు తల్లిదండ్రుల కోసం రాదు. కమ్యూటెడ్ సెలవు (అర్ధజీతపు సెలవును పూర్తి జీతానికి మార్చుకునేది) మీ సొంత అనారోగ్యానికే. మీకు ఉపయోగపడేవి ఏడాదికి 30 రోజుల ఆర్జిత సెలవు, సొంత పనుల మీద కూడా తీసుకోగల 20 రోజుల అర్ధజీతపు సెలవు. జీతనష్టపు సెలవు ఆఖరి మార్గం, దాంతో ఇంక్రిమెంటు తేదీ జరగొచ్చు. చెప్పకుండా మానేయడం మాత్రం ఎంత కష్టంలో ఉన్నా వద్దు. ఏడాదికి మించి అనుమతి లేని గైర్హాజరును ఉద్యోగానికి రాజీనామాగా లెక్కిస్తారు. అంత దాకా పోకపోయినా, చార్జి మెమో వచ్చిన రోజే బదిలీ దారి మూసుకుపోతుంది. తాత్కాలికంగా ఇంకో దారి డిప్యుటేషన్ లేదా ఫారిన్ సర్వీసు, అంటే మీ లీన్ (సొంత పోస్టు మీద హక్కు) అనంతపురంలో ఉంచుకుని విశాఖ ప్రాంతంలో ఏదైనా సంస్థ మిమ్మల్ని అడిగితే వెళ్ళడం. సీనియారిటీ పోదు. కానీ దానికీ ప్రభుత్వ ఉత్తర్వు కావాలి, తీసుకునే సంస్థ పెన్షన్ వాటా కట్టాలి, సాధారణ బదిలీలప్పుడు డిప్యుటేషన్లన్నీ ఒక్క మెమోతో రద్దవడం మామూలే. ప్రమోషన్ దగ్గరలో ఉన్నవాళ్ళకి ఇదే మేలని నా అభిప్రాయం.

కోర్టు గురించి ఉన్నదున్నట్టు చెబుతాను. ఫలానా చోటే పనిచేసే హక్కు ఉద్యోగికి లేదని సుప్రీంకోర్టు శిల్పీ బోస్ కేసు (1991) నుంచి చెబుతూనే ఉంది. భార్యాభర్తల మార్గదర్శకాలను హక్కుగా అమలు చేయించుకోలేమని ఎస్.ఎల్. అబ్బాస్ కేసులో (1993) తేల్చింది. 2022 మార్చిలో ఎస్.కె. నౌసాద్ రహమాన్ కేసులో బదిలీ విధానాలు రూపొందించేటప్పుడు ఉద్యోగి కుటుంబ జీవితాన్ని కాపాడాల్సిన అవసరాన్ని ప్రభుత్వం పట్టించుకోవాలని, అది గౌరవంలో, గోప్యతలో భాగమని చెప్పింది. అయినా ఆ కేసులో కూడా బదిలీలు ఆపిన సర్క్యులర్‌ని కొట్టేయలేదు, పునఃపరిశీలించమని శాఖకే వదిలింది. కాబట్టి హైకోర్టులో రిట్ వేస్తే 'ఫలానా చోటికి వేయండి' అన్న ఉత్తర్వు ఆశించకండి. మీ అర్జీ మీద ఇన్ని వారాల్లో కారణాలతో కూడిన నిర్ణయం తీసుకోమని ఆదేశం దొరకొచ్చు. జవాబే రాని మీ లాంటి కేసులో అదీ విలువైనదే. కానీ అర్జీ సరైన అధికారికి చేరి కొన్ని నెలలైనా గడవాలి. జిల్లా అధికారికి ఇచ్చిన పాత అర్జీలతో వెళ్తే ఆదేశం కూడా ఆయనకే వస్తుంది, ఆయన 'నాకు అధికారం లేదు' అని రాసిస్తారు. కేంద్ర ఉద్యోగులైతే హైదరాబాద్ క్యాట్ (కేంద్ర పరిపాలనా ట్రైబ్యునల్) బెంచికి వెళ్ళాలి.

తెలంగాణ వాళ్ళు ఇది చదువుతుంటే కొన్ని తేడాలు. అక్కడ 2018 రాష్ట్రపతి ఉత్తర్వు, దాని తర్వాతి సవరణ ప్రకారం 33 జిల్లాలు, 7 జోన్లు, 2 మల్టీ జోన్లు. 2021 డిసెంబరు 6 నాటి జీవో 317 కేటాయింపుల్లో విడిపోయిన జంటల కోసం, వైద్య కారణాల కోసం, పరస్పర బదిలీ కోసం 2024 చివర్లో వేరే ఉత్తర్వులు వచ్చాయి. ఆ కేసైతే వాటినే సూచికలో వేయండి, సాధారణ బదిలీల జీవోని కాదు. 2024 జులై 3 నాటి జీవో 80లో నాలుగేళ్ళు దాటితే తప్పనిసరి, రెండేళ్ళ లోపు కుదరదు, వైకల్యం గ్రౌండ్‌కి 70 శాతం. టీచర్లది రెండు రాష్ట్రాల్లోనూ వేరే పద్ధతి, పాయింట్ల లెక్క. ఆంధ్రలో 2025లో దానికి చట్టమే వచ్చింది.

వైకల్యం ఉన్న బిడ్డ లేదా తల్లిదండ్రుల సంరక్షకులైన కేంద్ర ఉద్యోగులు 2018 అక్టోబరు 8 నాటి డీఓపీటీ మెమో చూసుకోండి. రొటేషన్ బదిలీ నుంచి మినహాయింపు అడగొచ్చు. యూడీఐడీ కార్డు (దివ్యాంగుల గుర్తింపు కార్డు) లేకుండా అడగొద్దు, సదరం (వైకల్య నిర్ధారణ) సర్టిఫికెట్ గడువు తీరిందేమో ముందే చూడండి.

చివరిగా, ఆర్డరు వచ్చిన తర్వాత జరిగే పొరపాట్లు. ఆర్డరు చేతికొచ్చినా 'సబ్‌స్టిట్యూట్ వచ్చాక రిలీవ్ చేస్తాం' అంటారు. ఆర్డరులో 'వెంటనే రిలీవ్ చేయవలెను' అన్న మాట లేకపోతే నెలలు గడుస్తాయి, ఈలోగా విజయనగరం ఖాళీ ఇంకెవరికైనా పోతుంది. ఆర్డరు డ్రాఫ్టు దశలోనే ఆ వాక్యం ఉండేలా సెక్షన్‌లో అడగండి. రిలీవ్ అయ్యే రోజున చార్జి జాబితా రెండు ప్రతులు, సీటీసీ (చార్జి అప్పగింత పత్రం), ఎల్పీసీ (చివరి జీతం సర్టిఫికెట్), నో డ్యూస్ చేతిలో పట్టుకుని బయలుదేరండి. సర్వీసు రిజిస్టర్ ఆఫీసు నుంచి ఆఫీసుకి పోస్టులో పోతుంది. దానికి ముందు ప్రతి పేజీ ఫోటో తీసుకోండి, ముఖ్యంగా లీవు ఖాతా పేజీలు. సొంత అభ్యర్థన బదిలీకి టీటీఏ రాదు, జాయినింగ్ టైమ్ మీద కూడా ఆశ పెట్టుకోకండి. ప్రయాణపు రోజులకు సెలవు మంజూరు చేయించుకునే రిలీవ్ అవ్వండి, లేకపోతే ఆ మధ్య రోజులు రెగ్యులరైజ్ చేయించుకోవడానికి ఇంకో ఏడాది తిరగాలి. జీతాల బిల్లులు నడిచే ఆన్‌లైన్ వ్యవస్థ సీఎఫ్‌ఎంఎస్‌లో కొత్త డీడీఓ కిందికి మీ ఐడీ మారేదాకా జీతం రాదు. ఒకటి రెండు నెలలు ఆలస్యం కావడం మామూలే కాబట్టి డయాలసిస్ ఖర్చుకి ఆ మేరకు డబ్బు పక్కన పెట్టుకుని కదలండి. స్పౌజ్ గ్రౌండ్ వాడుకున్నట్టు సర్వీసు రిజిస్టర్‌లో ఎంట్రీ పడిందో లేదో చూసుకోండి. అది ఉంటే కొన్నేళ్ళ పాటు అదే గ్రౌండ్ మళ్ళీ అడగలేరు, రేపు మీ భర్తకు విశాఖ నుంచి బదిలీ వచ్చినా సరే.